ఊహాలోకపు క్షణికవాదులు: పాత బాకీల సంగతి ఏమవుతుంది?

నదీముఖం:
నేను రాస్తున్న నవలలో శిలాపురి అనే రాజ్యం ఉంది. అక్కడ ప్రతి ఇంటి గడప దగ్గరా ఒక రాయి పాతి ఉంటుంది. ఆ ఇంటి పూర్వీకులు చేసిన అప్పులు, ఇచ్చిన మాటలు, ఒప్పుకున్న వృత్తి అన్నీ దాని మీద చెక్కి ఉంటాయి. చెక్కిన మాటకు చావు లేదన్నది ఆ రాజ్యపు ధర్మశాస్త్రానికి మూలసూత్రం. తాత చేసిన అప్పుకు మనుమడు వెట్టి చేస్తాడు; ముత్తాత పట్టిన ఉలిని మునిమనుమడు కింద పెట్టడానికి వీలులేదు. ఈ వ్యవస్థకు ఎదురుతిరిగిన ఒక తాత్త్విక శాఖను కల్పించాను. తెల్లవారుజామున పలక మీద తడి కుంచెతో సూత్రాలు రాసి, అవి ఆరిపోయేలోగా శిష్యులకు వివరించడం వాళ్ళ పద్ధతి కాబట్టి ఊళ్ళో జనం వాళ్ళను వెక్కిరింతగా నీటిరాతవాళ్ళు అంటారు. ఏదీ రెండో క్షణానికి నిలవదు, నిన్న మాట ఇచ్చినవాడు నిన్ననే పోయాడు, అందుచేత ఈ రోజు ఆ బాకీ తీర్చవలసినవాడు ఎవరూ లేరన్నది వాళ్ళ వాదం.

ఈ వాదంలో నిజమైన బలం ఉందా, లేక వినడానికి మాత్రమే బాగుందా? ఆస్థాన పండితులు దీనికి ఏమని జవాబు చెబుతారు? అన్నిటికంటే ముఖ్యంగా, ప్రాణాలకు తెగించి ఇలాంటి శాఖలో ఎవరైనా ఎందుకు చేరతారు? దర్శనాలు చదివినవాళ్ళూ, కథలు రాసేవాళ్ళూ ఇక్కడ ఉన్నారు గనుక అడుగుతున్నాను.

తర్కపాదం:
నదీముఖం గారూ, ముందుగా ఒక హెచ్చరిక. పూలు రాలిపోతాయి, యౌవనం పోతుంది, రాజ్యాలు కూలుతాయి అని చెప్పే శాఖను ఏ రాజూ చెరసాలలో పెట్టడు. ఆ మాట ఆస్థాన కవులే చెబుతారు, రాజు తలాడించి శాలువా కప్పుతాడు. అనిత్యం ఒక విచారంగా ఉన్నంతకాలం ఎవరికీ ఇబ్బంది లేదు. అది ఒక రుజువుగా మారినప్పుడే ప్రమాదం మొదలవుతుంది. మీ పుస్తకంలో ఆ రుజువు కనబడాలి.

రుజువు కోసం ఎక్కడో వెతకనక్కరలేదు. బౌద్ధ తాత్త్వికుడు వసుబంధుడు తన అభిధర్మకోశ భాష్యంలో దీన్ని చాలా పదునుగా పెట్టాడు. కుండను కర్ర పగలగొట్టింది, కట్టెను నిప్పు కాల్చింది అని మనం అనుకుంటాం, అంటే నాశనానికి బయటి కారణం ఒకటి కావాలని మన నమ్మకం. ఆయన దీన్ని ఒప్పుకోడు. నాశనమంటే లేకపోవడం, లేకపోవడం అనేది ఒక వస్తువు కాదు గనుక దాన్ని ఏ కారణమూ పుట్టించలేదు. దీపశిఖ, గంటనాదం తమంతట తామే ఆగిపోవడం చూస్తున్నాం. నశించడానికి కారణమే అక్కరలేనప్పుడు, ఆ నశించడం ఆలస్యం కావడానికి మాత్రం కారణమేముంది? పుట్టిన క్షణంలోనే నశించని వస్తువు తరువాతి క్షణంలోనూ అదే వస్తువుగా ఉంటుంది కాబట్టి, అప్పుడు కూడా నశించడానికి దానికి కొత్త హేతువేదీ ఉండదు. కాబట్టి పుట్టుకే నాశనాన్ని వెంటబెట్టుకుని వస్తుంది.

మీ నీటిరాతవాళ్ళ చేతికి ఈ వాదాన్ని ఇచ్చి చూడండి. గడపరాయిని పగలగొట్టనక్కరలేదు, అది ప్రతి క్షణమూ పోతూనే ఉంది అని ఒక నిరాయుధుడైన బోధకుడు నడివీధిలో నిలబడి నిరూపిస్తుంటే, అప్పుడు రాజభటులు పరుగెత్తుకుని వస్తారు.

గడియారంముల్లు:
వాదం వినడానికి గంభీరంగా ఉంది గానీ, వెట్టి చేసి నడుము విరిగిన మనిషికి ఇందులో ఒరిగేదేమిటో అర్థం కాలేదు. అప్పు తీర్చవలసినవాడు లేడు సరే, రేపు గంజి తాగవలసినవాడు కూడా లేడంటే ఊరుకుంటాడా? మూడో ప్రశ్నకు జవాబు దొరకనంతకాలం ఇది పదిమంది పండితుల కాలక్షేపమే అవుతుంది.

శాసనాలపిచ్చి:
ఈ చర్చ మన నేలకు ఎంత దగ్గరిదో ఒకసారి గుర్తుచేయాలనిపించింది. పాలీ భాషలోని కథావత్థు అనే బౌద్ధ గ్రంథంలో ఇతర శాఖల సిద్ధాంతాలను ఒక్కొక్కటిగా ఖండించారు. అందులో 22వ అధ్యాయంలో సమస్త ధర్మాలూ ఒక్క చిత్తక్షణం, అంటే మనసులో ఒక తలపు నిలిచేంత సేపు, మాత్రమే ఉంటాయన్న వాదం పూర్వపక్షంగా వస్తుంది. దాని వ్యాఖ్యానమైన అట్ఠకథ ఆ వాదాన్ని పూర్వశైలీయులు, అపరశైలీయులు అనే బౌద్ధ శాఖలకు అంటగడుతుంది. రాజగిరికులతోనూ సిద్ధార్థికులతోనూ కలిపి వీరిని అంధకులని పిలిచింది కూడా ఆ అట్ఠకథే. అంటే అనిత్యాన్ని చివరి మెట్టు దాకా తీసుకెళ్ళినవాళ్ళుగా సింహళ థేరవాద సంప్రదాయం వేలెత్తి చూపినవాళ్ళు మన కృష్ణాతీరపు వాళ్ళే. ధాన్యకటకానికి (నేటి అమరావతి ప్రాంతం) తూర్పున ఒకటి, పడమట ఒకటి కొండల మీద ఉన్న ఆ పేర్ల విహారాలను 7వ శతాబ్దిలో హ్యూయన్‌త్సాంగ్ వర్ణించాడు. అపరశైలీయుల పేరు నాగార్జునకొండ శాసనాలలో అపరమహావినసేలియులని కనిపిస్తుంది. ఆ లోయలో 1954 నుంచి 1960 వరకు తవ్వకాలు జరిపి, కొన్ని కట్టడాలను ఇప్పుడు ద్వీపంగా మిగిలిన కొండ మీదికీ దగ్గరలోని అనుపుకూ తరలించి, మిగిలినదాన్ని నాగార్జునసాగర్ నీటికి వదిలేశారు.

నదీముఖం గారు ఇక్కడొక విషయం గమనించాలి. వీళ్ళు తమ మతంలో తాము అసమ్మతివాదులే కావచ్చు, రాజ్యానికి మాత్రం ఎదురుతిరిగినవాళ్ళు కారు. నాగార్జునకొండను ఏలిన ఇక్ష్వాకు రాజుల రాణివాసపు స్త్రీలు విహారాలు కట్టించారు. వారిలో ఒకరైన చాంతిసిరి అక్కడి మహాచైత్యానికి స్తంభం నిలిపించింది. వర్తకులూ, ఉపాసికలూ ఇచ్చిన దానాలతో సంఘం నడిచింది. క్షణికవాదం చెప్పగానే మనిషి తిరుగుబాటుదారు అయిపోడు.

అసలు తమాషా ఆ దానాల స్వరూపంలో ఉంది. ఆ రోజుల్లో అక్షయనీవి అనే పద్ధతి ఉండేది, అంటే మూలధనం ఎన్నటికీ తరగకుండా వడ్డీ మాత్రం వాడుకునే శాశ్వత నిధి. నాసిక్ గుహలో క్షత్రప రాజు నహపానుడి అల్లుడు ఉషవదాతుడి శాసనం చూడండి. గోవర్ధనంలోని సాలెవారి శ్రేణుల, అంటే వృత్తి సంఘాల, దగ్గర ఆయన 3000 కార్షాపణ నాణేలు ఉంచాడు. ఒక శ్రేణి దగ్గర 2000, నెలకు నూటికి 1 వడ్డీ. మరో శ్రేణి దగ్గర 1000, నెలకు నూటికి ముప్పావు. మొదటి మొత్తం మీద నెలకు 20, ఏడాదికి 240 వస్తాయి. గుహలో వర్షావాసం ఉండే 20 మంది భిక్షువులకు తలా 12 చొప్పున చీవరాల ఖర్చుకు అది సరిపోతుంది. అసలు తిరిగి ఇవ్వనక్కరలేదు, వడ్డీ మాత్రమే అనుభవించాలని కూడా రాసి ఉంది. సర్వం అనిత్యమని బోధించే సంఘానికి ఒంటి మీద బట్ట ఎన్నటికీ తరగని అసలు మీద వచ్చే వడ్డీ నుంచి వచ్చింది. మీ నీటిరాతవాళ్ళు ఏం తిని బతుకుతున్నారో మీరింకా చెప్పలేదు.

కోర్టుగుమాస్తా:
నేను దర్శనాలు చదువుకోలేదు, దావాలు చూశాను. పాత బాకీకి నేటి మనిషి జవాబుదారీ కాడన్న మాట వినగానే మీరంతా విప్లవమంటున్నారు. మన చట్టంలో అది మామూలు సంగతి. ప్రామిసరీ నోటు మీద బాకీకి 3 సంవత్సరాలలో దావా వేయకపోతే కాలదోషం పడుతుంది, 1963 నాటి కాలపరిమితి చట్టం ప్రకారం. అందుకే షావుకారు గడువు దగ్గరపడుతున్న కొద్దీ బాకీదారు ఇంటి చుట్టూ తిరుగుతాడు. నోటు వెనుక వైపు ఎంతో కొంత చెల్లు వేయించి, తేదీతో సహా బాకీదారు చేతనే సంతకం పెట్టించుకుంటే గడువు మళ్ళీ మొదలవుతుంది. వంద రూపాయలు జమ చేసినట్టు రాసినా చాలు. అంటే బాకీ దానంతట అది నిలిచి ఉండదు. బాకీదారు అప్పుడప్పుడూ దాన్ని ఒప్పుకుంటూ ఉంటేనే నిలుస్తుంది.

తండ్రి అప్పు సంగతీ చెబుతాను. అధర్మకార్యానికి చేసినది కాకపోతే తండ్రి అప్పు తీర్చడం కొడుకు ధర్మవిధి అని హిందూ న్యాయంలో చాలాకాలం ఉండేది. హిందూ వారసత్వ చట్టానికి 2005లో జరిగిన సవరణ తరువాత చేసిన అప్పులకు, కేవలం ఆ ధర్మవిధి పేరు మీద కొడుకునో మనుమణ్ణో పట్టుకోవడానికి వీలులేదు. మీ శిలాపురిలో మూడు తరాలు పీడించిన సంగతి ఇక్కడ ఒక్క సెక్షనుతో పోయింది. దానికి క్షణికవాదం అవసరం కాలేదు.

నదీముఖం:
శాసనాలపిచ్చి గారి ప్రశ్నకు నా దగ్గర జవాబు లేదు, ఆలోచిస్తున్నాను. కోర్టుగుమాస్తా గారు చెప్పిన చెల్లు సంగతి మాత్రం నాకు బాగా పనికొచ్చేలా ఉంది. ఎండకూ వానకూ గడపరాళ్ళ మీది అక్షరాలు అరిగిపోతాయి కదా. ఏటేటా ఎవరో ఒకరు మళ్ళీ ఉలి పట్టి వాటిని లోతు చేయవలసిందే. ఆ పని చేసే రాతిపనివాళ్ళ కులం ఒకటి నా కథలో ఇప్పటికే ఉంది, ఇంతవరకు వాళ్ళకు మాటలే రాయలేదు. ఇంతకూ ఆస్థాన పండితుల జవాబు ఎవరూ చెప్పలేదు.

తర్కపాదం:
ఆ జవాబు బలహీనంగా ఉండకూడదు. వ్యతిరేకపక్షాన్ని మూర్ఖులతో నింపితే మీ బోధకుడి గెలుపుకు విలువ ఉండదు.

మొదటి ఆస్థాన పండితుడు జ్ఞాపకాన్ని పట్టుకుంటాడు. బ్రహ్మసూత్రాలలో క్షణికవాదాన్ని ఖండించే చోట అనుస్మృతేశ్చ అని ఒక సూత్రం ఉంది. నిన్న చూసినవాడూ నేడు గుర్తుచేసుకుంటున్నవాడూ ఒకడే కాకపోతే, నేను దాన్ని చూశాను అన్న జ్ఞానమే కుదరదని శంకరాచార్యులు అక్కడ గట్టిగా వాదిస్తారు. రెండవవాడు నైయాయికుడు, అంటే న్యాయదర్శనం చదివిన తార్కికుడు, అతడు గాదెలోని గింజను తెస్తాడు. గాదెలో ఉన్న గింజ మొలకెత్తదు, పొలంలో పడ్డ గింజ మొలకెత్తుతుంది. మొలకెత్తించే శక్తి ఉన్న గింజ, లేని గింజ ఒకటెలా అవుతాయి, కాబట్టి అవి వేర్వేరు అని బౌద్ధులంటారు. గింజ ఒకటే, నేలా నీరూ తోడైతే మొలకెత్తుతుంది, తోడు లేకపోతే ఊరకుంటుంది, ఇందులో వింతేముందని న్యాయదర్శన పండితుడు ఉదయనుడి పక్షం. ధర్మకీర్తి మొదలు రత్నకీర్తి దాకా బౌద్ధులు ఈ గింజ దగ్గర చేసిన పోరాటం శతాబ్దాల తరబడి సాగింది.

మూడవవాడు న్యాయాధిపతి, అతడే అందరికంటే ప్రమాదకరం. మిలింద రాజుకూ నాగసేనుడనే భిక్షువుకూ మధ్య సంవాదంగా ఉన్న పాలీ గ్రంథం మిలిందపఞ్హలో ఈ చిక్కును నాగసేనుడు ముందే ఊహించాడు. ఒకడు పరాయివాడి తోటలో మామిడిపండ్లు దొంగిలించి పట్టుబడి, ఇతను నాటిన టెంక వేరు, నేను కోసిన పండ్లు వేరు అన్నాడట. ఇంకొకడు పాలకుండ కొని, రేపు తీసుకుంటానని అక్కడే వదిలిపెట్టి, మర్నాడు వచ్చి చూసి, నేను కొన్నది పాలు గదా, ఈ పెరుగు నాకెందుకు, నా పాలు నాకిమ్మన్నాడట. రెండింటిలోనూ ఆ వాదన పనికిరాదని తీర్పు. వస్తువు అదే కాదు, పూర్తిగా వేరేదీ కాదు. ఒకదాని నుంచి ఒకటి తెగకుండా వచ్చే వరుస ఉంది, దాన్నే సంతానం అంటారు, బాధ్యత ఆ వరుసను పట్టుకుని వస్తుంది. అంటే అసలు క్షణికవాదులే బాకీ మాఫీ కాదని చెప్పారు. మీ బోధకుడు నాగసేనుడి కన్నా ఒక అడుగు ముందుకు వేయాలి, లేకపోతే మామిడిపండ్ల దొంగతో కలిసి నిలబడవలసి వస్తుంది.

గడియారంముల్లు:
మామిడిపండ్ల దొంగే నయం, కనీసం కడుపు నిండింది.

వానాకాలపు పాఠకురాలు:
తర్కపాదం గారు నాగసేనుడి ఉదాహరణల్లో రెండు చెప్పి ఒక ముఖ్యమైనదాన్ని వదిలేశారు. నా దృష్టిలో ఈ నవలకు కావలసినది ఆ వదిలేసినదే. ఒకడు చిన్నపిల్లకు శుల్కం చెల్లించి, పెద్దయ్యాక తీసుకెళ్తానని వెళ్ళిపోతాడు. ఆ పిల్ల ఎదిగిన తరువాత మరొకడు శుల్కం ఇచ్చి పెళ్ళి చేసుకుంటాడు. మొదటివాడు వచ్చి నా భార్యను తీసుకుపోయావంటే, రెండవవాడు నువ్వు డబ్బు కట్టిన పసిపిల్ల వేరు, నేను కట్టుకున్న ఈ పడుచు వేరు అంటాడు. మొదటివాడిదే న్యాయమని మిలిందుడు తేలుస్తాడు, ఎందుకంటే ఆ పిల్లే ఈ పడుచుగా ఎదిగింది. ఇంత సూక్ష్మమైన చర్చలో ఒక్కరూ ఆ అమ్మాయిని ఏమీ అడగలేదు. నిత్యవాది గెలిచినా, క్షణికవాది గెలిచినా ఆమె ఎవరో ఒకరికి చెల్లించిన సొమ్మే.

గడియారంముల్లు గారి మొదటి ప్రశ్నకు నా జవాబు ఇక్కడ ఉంది. నీటిరాతవాళ్ళలో చేరేవాళ్ళు, తాము ఇచ్చిన మాట తప్పాలనుకునేవాళ్ళు కారు. తమ నోటితో ఎన్నడూ ఇవ్వని మాటకు కట్టుబడి ఉన్నవాళ్ళు. ఊయలలో ఉండగా నిశ్చయమైన పెళ్ళి, పుట్టకముందే చెక్కిన వెట్టి, ముత్తాత పట్టిన ఉలి. నాగసేనుడు చెప్పిన సంతానం వాదాన్ని బోధకుడు ఒప్పుకోనీయండి. మామిడిపండ్లు కోసినవాడి వరుస అతడి దగ్గరే మొదలైంది, అతడు దండుగ కట్టవలసిందే. కానీ ఈ పిల్ల చిత్తపు వరుసలో ఎక్కడ వెదికినా ఒప్పుకున్న క్షణం ఒక్కటీ లేదు. లేని క్షణం నుంచి ఏ వరుసా రాదు. అప్పుడు మీ శాఖ బాకీలు ఎగ్గొట్టేవాళ్ళ గుంపు కాకుండా పోతుంది, ఆస్థాన న్యాయాధిపతికి నిద్రా పట్టదు.

ఇంకొక మాట. ఈ సిద్ధాంతాన్ని అందరికంటే ముందు ఎవరు వాడుకుంటారో మీరెవరూ చూడలేదు. రాజు వాడుకుంటాడు. యుద్ధానికి శ్రేణుల దగ్గర అప్పు తెచ్చిన రాజు ఏదో ఒక ఉదయం నీటిరాత బోధకుణ్ణి చెరలోంచి విడిపించి, పట్టుపీఠం వేసి కూర్చోబెట్టి, అప్పు చేసిన రాజు నిన్ననే పోయాడని సభలో చెప్పించుకుంటాడు. పేదవాడి నోట తిరుగుబాటుగా ఉన్న వాక్యం అక్షరం మారకుండా రాజు నోట దోపిడీ అవుతుంది.

శాసనాలపిచ్చి:
వానాకాలపు పాఠకురాలు గారి చివరి మాట బాగా నచ్చింది, అయితే చరిత్రలో రాజులకు అంత తత్త్వం అక్కరలేకపోయింది. గౌతమీపుత్ర శాతకర్ణి నహపానుణ్ణి ఓడించి, అతడి వెండి నాణేల మీదే తన గుర్తులు మళ్ళీ కొట్టించాడు. నాసిక్ ప్రాంతంలోని జోగల్‌తెంబిలో 1906లో దొరికిన 13 వేలకు పైగా నాణేలలో 9 వేలకు పైగా అలా మళ్ళీ ముద్రించినవే. కొన్నిటిలో కొత్త ముద్ర కింద పాత రాజు ముఖం ఇంకా తెలుస్తుంది. వెండి ఎవరికీ అనిత్యం కాలేదు.

కథకు సంబంధించి ఇంకో చిక్కు కూడా ఉంది. మీ రాజు శ్రేణుల అప్పు ఎగ్గొడితే శ్రేణులు దివాలా తీస్తాయి. అప్పుడు వాటి దగ్గర ఉన్న విహారాల అక్షయనీవులు కూడా పోతాయి. మొదట ఆకలితో పడుకునేది నీటిరాతవాళ్ళ శిష్యులే. ఈ ఒక్క సంగతి రెండు అధ్యాయాలకు సరిపోతుంది.

నిర్వాహకులు:
నాణేల మీద ప్రత్యేకంగా మాట్లాడదలచినవారు వేరే చర్చ మొదలుపెట్టండి. ఇక్కడ నవలలోని శాఖ వరకే ఉందాం.

నదీముఖం:
అందరికీ కృతజ్ఞతలు. ఇప్పుడు కథ నాకు ఇలా కనిపిస్తోంది. బోధకుడు పట్టుపీఠం మీద కూర్చుని రాజు అప్పు రద్దయిందని చెప్పడానికి నిరాకరిస్తాడు, ఎందుకంటే రాజు వరుసలో ఒప్పుకున్న క్షణం స్పష్టంగా ఉంది. ఆ నిరాకరణకే అతడికి శిక్ష పడుతుంది, ఇంటి రాళ్ళను కాదన్నందుకు కాదు. అయితే శాఖ అక్కడితో ముగిసిపోతే నాకు తృప్తి లేదు. అతడు పోయిన తరువాత శిష్యులు చీలిపోవాలని ఉంది, కానీ దేని మీద చీలాలో తేలడం లేదు. వారసుడి ఎంపిక మీద గొడవ పెడితే మరీ మామూలుగా ఉంటుంది.

తర్కపాదం:
చీలిక కావాలంటే కథావత్థులో శాసనాలపిచ్చి గారు చెప్పిన చోటికే వెళ్ళండి. సమస్తమూ ఒక్క చిత్తక్షణమే ఉంటుందన్న అంధకులను థేరవాదులు అడిగిన ప్రశ్న చాలా సూటిగా ఉంటుంది: అయితే మహాపృథివి, మహాసముద్రం, మేరుపర్వతం, గడ్డీ చెట్టూ అన్నీ చిత్తంలోనే నిలిచి ఉన్నాయా? థేరవాదులు కూడా అనిత్యవాదులే, అయితే చిత్తానికి ఒక కొలత, రూపానికి, అంటే భౌతిక పదార్థానికి, ఒక కొలత అన్నారు. ఒక రూపం ఉండే కాలంలో 17 చిత్తక్షణాలు గడుస్తాయని వాళ్ళ తరువాతి అభిధమ్మ తత్త్వగ్రంథాలు లెక్క కట్టాయి.

ఈ భేదాన్ని శిలాపురిలో పెట్టండి. మనసు త్వరగా మారుతుంది, రాయి నెమ్మదిగా అరుగుతుంది, కాబట్టి ఓపిక పట్టండి, రెండు తరాలలో అక్షరాలు వాటంతట అవే పోతాయి అనేవాళ్ళు ఒక పక్షం. ఎక్కువమంది గౌరవనీయులు అటువైపే ఉంటారు. రాయి కూడా ఈ క్షణంలో కొత్తగా పుట్టినదే, దాన్ని రాతిగా నిలబెడుతున్నది గతం కాదు, ఈ క్షణంలో పనిచేస్తున్న కారణాలే, ఆ కారణాలలో మన చేతులు కూడా ఉన్నాయి అనేవాళ్ళు రెండో పక్షం. మొదటి పక్షం ధ్యానంలో కూర్చుంటుంది. రెండో పక్షం ఉలి కింద పెడుతుంది.

వానాకాలపు పాఠకురాలు:
రెండో పక్షంలో పండితులు ఎవరూ ఉండకూడదని నా మనవి. ఇంతవరకు మీరు మాటలు రాయని ఆ రాతిపనివాళ్ళే ఉండాలి. ఏటేటా అక్షరాలు లోతు చేసేది వాళ్ళే కాబట్టి, ఎవరి బాకీ ఎంత అరిగిందో రాజ్యంలో అందరికంటే బాగా వాళ్ళకే తెలుసు. ఒక ఆడమనిషి తన ఇంటి గడపరాయినే తాను చెక్కవలసి వచ్చిన రోజు రాయండి. సుత్తి ఎత్తిన తరువాత ఆమె ఏం చూస్తుంది? ముత్తాత పేరులో ఒక అక్షరం కొమ్ము అరిగి వేరే పేరులా కనిపిస్తుంది. ఆ కొమ్ము చెక్కాలా వద్దా అన్నదే ఆ శాఖ సిద్ధాంతమంతా.

గడియారంముల్లు:
ఇప్పుడు నేను కూడా చేరతాను. ఒకటే సందేహం. రాతిపనివాళ్ళకు కూలి ఎవరిస్తున్నారు? పని మానేస్తే వాళ్ళ గంజి సంగతేమిటి?

శాసనాలపిచ్చి:
శ్రేణుల దగ్గర రాజు ఉంచిన అక్షయనీవి వడ్డీతోనే ఇవ్వాలి, వేరే దారి లేదు. రాజు అప్పు ఎగ్గొట్టిన రోజునే వాళ్ళ కూలి కూడా ఆగిపోతుంది. కాబట్టి సమ్మెకు సగం కారణం సిద్ధాంతం, సగం కారణం రాని కూలి. ఈ రెండింటినీ విడదీయవద్దు, ఏది ముందు ఏది వెనుక అని పాత్రల చేత వాదులాడించండి.

కోర్టుగుమాస్తా:
పని ఆగిన తరువాత రాజ్యం ఏం చేస్తుందో కూడా ఆలోచించి పెట్టుకోండి. షావుకారు చేసేదే చేస్తుంది. అక్షరాలు పూర్తిగా పోకముందే భటులు ఇల్లిల్లూ తిరిగి, ఈ రాయి మీద ఉన్నది మా బాకీయేనని ఇంటివాళ్ళ చేత కొత్తగా ఒప్పించి వేలిముద్ర వేయించుకుంటారు. పాఠకురాలు గారి వాదం ప్రకారం, వేలిముద్ర వేసినవాడి వరుసలో అప్పుడు ఒప్పుకున్న క్షణం నిజంగానే పుడుతుంది. అంతవరకు లేని బాకీ ఆ రోజు నుంచి ఉన్నట్టే. భయపెట్టి వేయించుకున్న ముద్ర చెల్లుతుందా చెల్లదా అన్నది మీ శాఖ తేల్చుకోవలసిన తరువాతి ప్రశ్న. మన దగ్గరైతే బలవంతం రుజువు చేయగలిగినవాడు ఒప్పందాన్ని రద్దు చేయించుకోవచ్చు, కానీ ఆ రుజువు భారం వేలిముద్ర వేసినవాడి మీదే పడుతుంది.